పురుగు బిళ్ళ

అనూరాధకు లోకంలో అన్నిటికన్నా పెద్ద భయం ఒకటే. బియ్యంలో వేసే పురుగు బిళ్ళను తన మూడేళ్ళ కూతురు చిన్నతల్లి ఎప్పుడు నోట్లో పెట్టుకుంటుందోనని.

అందుకే, శృంగవరపుకోట నుంచి సాలూరు తిరిగొస్తున్న బస్సులో ఉండగా అత్త కూర్మమ్మ ఫోను చేసి చెప్పిన మాటకు ఆమె సీట్లో నిటారుగా కూర్చుంది.

"పిల్లకి పురుగు బిళ్ళ ఏసీసినానే. ఇంక బెంగెట్టుకోకు."

"ఏ పురుగు బిళ్ళత్తా?"

కూర్మమ్మ నవ్వింది. కడుపులో పురుగులకట. నిన్న అంగన్‌వాడీ టీచరు ఇంటికొచ్చి ఇచ్చి వెళ్ళిందట. పిల్ల మారాం చేస్తే బెల్లంముక్కలో పెట్టి ఇందాకే మింగించిందట. బియ్యం బిళ్ళ నిన్ననే తన చేత్తో డ్రమ్ములో పడేసిందట.

"నానేటి సిన్నపిల్లనేటే? నీకు నామీద నమ్మకం నేదు."

అనూరాధ కిటికీకి తల ఆనించింది. ముందు లారీలు బారులు తీరి ఉన్నాయి. అరగంటగా బస్సు కదల్లేదు.

ఇంత భయానికీ కారణం ఆ రెక్కల పురుగు. బియ్యపు గింజ కన్నా కాస్త పెద్దది, బూడిద రంగు. రెక్కలు ముడుచుకుని గోడ మీద వాలితే ఊక అంటుకుందనుకుంటారు. పాతపట్నంలో పుట్టింటి బియ్యంలోనూ అదే, సాలూరులో అత్తింటి బియ్యంలోనూ అదే. అది గుడ్లు పెట్టిందంటే నెల తిరక్కుండా బియ్యం ఉండలు కట్టేస్తాయి.

అత్త నొచ్చుకుందని అనూరాధ మాట మార్చింది. పిల్ల ఏం చేస్తోందని అడిగింది. కడుపులో తిప్పుతోందని పడుకుందట. కొందరికి అలా ఉంటుందని టీచరు ముందే చెప్పిందట.

"పోనీ, బియ్యంలో పురుగులు సచ్చినాయా?"

"ఏటి సావడం? ఇప్పుడే మూత తీస్తే మొకం మీదికే ఎగిరినాయి. ఈసారి బిళ్ళకి ఘాటే నేదు, వాసనే నేదు."

అనూరాధ లేచి నిలబడింది.

"రెండు బిళ్ళల పొట్లాలూ ఎక్కడెట్టినావత్తా?"

"గూట్లోనే. పక్కపక్కనే."

ఫోను తెగిపోయింది. మళ్ళీ కలవలేదు.

సాలూరులో లారీ షెడ్ల వెనక రెండో సందు, నీలం తలుపు ఇల్లు. మీలో ఎవరైనా ఆ దగ్గర్లో ఉంటే, పరుగున వెళ్ళి ఆ పిల్లను ఒక్కసారి లేపి చూడండి.