పదకొండు అభ్యంతరాలు

"ఇండ్ల మాటలే లేవేంది?" అన్నాడు రాంప్రసాద్, కంప్యూటర్ మీదికి వంగి.

"ఆర్ట్ ఫిల్మ్ గద సార్. అట్లనే ఉంటయి," అంది జూనియర్ అసిస్టెంట్ సౌమ్య.

"పేర్లు గూడ ఎయ్యలే. కెమెరా ఒక్క ఇంచు కదుల్తలేదు."

"పైనుంచి దేవుడు చూస్తున్నట్టు తీసిండ్రు సార్."

మట్టెవాడ యువకుడు భరత్ తీసిన 'ఖాళీ గంప' సినిమా సర్కారును ఉతికి ఆరేసిందని ఊరంతా గుసగుస. రేపు హన్మకొండలో ప్రదర్శన. అనుమతి ఇవ్వాలో వద్దో తేల్చాల్సింది సాంస్కృతిక శాఖ అధికారి రాంప్రసాదే. మూడేళ్ల కిందట ఓ నాటకానికి చూడకుండా సంతకం పెట్టి మారుమూలకు బదిలీ అయ్యాడు. ఈసారి పొరపాటు జరిగితే ప్రమోషన్ గోవిందా! హాలు ఏర్పాట్లలో మునిగిన భరత్ బదులు, అతని మేనమామ, చీరల వ్యాపారి పాండురంగం పొద్దున్నే బంట్రోతుకు పెన్‌డ్రైవ్ ఇచ్చిపోయాడు. దాన్నే రాంప్రసాద్ కళ్లలో వత్తులు వేసుకుని చూస్తున్నాడు.

తెర మీద చీరల దుకాణం. గల్లాపెట్టె దగ్గర బట్టతల సేటు కునికిపాట్లు పడుతున్నాడు.

"రాసుకో సౌమ్యా. నిద్రపోయే సేటు అంటే మన మంత్రిగారే."

ఒకామె నలభై చీరలు విప్పించి, ఒక్కటీ కొనకుండా లేచింది.

"మరి ఈమె సార్?"

"ఢిల్లీ నుంచి వరదలు చూడొచ్చే బృందం. అన్నీ ఇప్పిచ్చి చూస్తది, పైస ఇయ్యది."

పోతూ పోతూ ఆమె ఓ పట్టుచీరను సంచిలో కుక్కుకుంది. రాంప్రసాద్ దిగ్గున లేచాడు.

"చూసినవా? ప్రజల సొమ్ము! అది గూడ మంత్రిగారు నిద్రపోతాంటె!"

సాయంత్రానికల్లా పదకొండు అభ్యంతరాలతో నిషేధపు ఉత్తర్వు హైదరాబాద్ చేరింది. పెద్దసారు ఫోన్ చేసి మరీ మెచ్చుకున్నాడు.

"ఏం కన్ను నీదయ్యా! ఈసారి నీ ప్రమోషన్ పక్కా."

ఫోన్ పెట్టేలోపే పాండురంగం రొప్పుతూ లోపలికొచ్చాడు. ఆ బట్టతలను రాంప్రసాద్ ఇట్టే పోల్చుకున్నాడు.

"నిద్రపోయే యాక్టింగ్ అదరగొట్టినవ్ సేటూ! కాని సినిమా ఆపేసిన. ఏమనుకోకు."

"నేనెప్పుడు యాక్టింగ్ జేసిన సార్?" పాండురంగం బిక్కమొహంతో ఇంకో పెన్‌డ్రైవ్ బల్ల మీద పెట్టాడు. "సినిమా ఇండ్ల ఉన్నది. పొద్దున తొందరల తారుమారైనయి. దీన్ని పోలీస్ స్టేషన్ల ఇచ్చిన. ఎస్సై సారు రెండు గంటలు చూసి, ఏం సమజ్ గాక నన్ను తిట్టి పంపిండు."

రాంప్రసాద్ రెండు పెన్‌డ్రైవ్‌లనూ మార్చి మార్చి చూశాడు.

"మరి... నేను చూసిందేంది?"

"మా దుకాణం సీసీ కెమెరా సార్."