నంబరు చెరిగిన బండి

"నంబరేది?" అన్నాడు తనిఖీ అధికారి, పికప్ బండి కిందికి టార్చి వేసి.

లింబాద్రి వంగి చూశాడు.

ఛాసిస్ మీద నంబరు ఉండాల్సిన చోట నున్నటి తెల్లరంగు తళతళలాడుతోంది.

తుప్పు కనిపిస్తే ఫెయిల్ చేస్తారేమోనని, నిన్న అక్కడ గ్రైండరు పట్టించి, పుట్టీ పూసి, రంగు కొట్టించింది తనే. అతి చేస్తే గతి చెడుతుందని ఊరికే అన్నారా!

"నంబరు చెరిపిన బండి దొంగబండి కిందే లెక్క. దీనికి ఇస్తిమారా రాదు. మధ్యాహ్నం నమాజు కాగానే మిషన్‌లో వేసి నుజ్జు చేస్తారు," అనేసి అధికారి లోపలికి వెళ్ళిపోయాడు.

ఇస్తిమారా అంటే బండి రోడ్డెక్కడానికి ఇచ్చే రిజిస్ట్రేషన్ కాగితం. తుక్కుబజారులో కొని బాగుచేసిన ఈ బండికి అది తెస్తేనే ఇఖామా, అంటే నివాస పర్మిట్, రెన్యువల్ చేయిస్తానని, లేదంటే ఎగ్జిట్ కొట్టించి ఇంటికి పంపేస్తానని గ్యారేజీ యజమాని, అంటే లింబాద్రి కఫీల్, తేల్చి చెప్పేశాడు.

లింబాద్రి వెళ్ళి బండి ముందు కాళ్ళు బార చాపుకుని కూర్చున్నాడు.

"ఏం జేస్తున్నవ్‌రా?" రంగు కొట్టిన హన్మాండ్లు హడలిపోయాడు. "పోలీసులొస్తరు!"

"రానియ్. మిషన్ల ఏస్తే నన్ను గూడ ఏయమను."

"గిది మన నిజామాబాద్ అనుకున్నవా? జెద్దా!"

"యాడనైతేంది? నేను దొంగను గాదు. దొంగలెక్క తల వంచుకొని పోను."

యార్డంతా చూస్తోంది. ఎవరో నవ్వారు. లింబాద్రి కదల్లేదు.

అప్పుడొచ్చాడు ఒక ముసలాయన. నలిగిన పొడవాటి తెల్ల తోబు, అరిగిన చెప్పులు. బండి చుట్టూ ఒకసారి తిరిగి, ముందుకొచ్చి నిలబడ్డాడు.

పని చేసిపెడతామంటూ గేటు దగ్గర ముసిరే బ్రోకర్ల బాపతే అనుకున్నాడు లింబాద్రి.

"లే నాయనా," అన్నాడు ముసలాయన ఉర్దూలో. జెద్దా పాతబజారు బలద్‌లో హాజీలతో బేరాలు చేసిన పెద్దలకు ఆ భాష కొట్టిన పిండి. "దీన్ని నుజ్జు చేయనీ. అదే మంచిది."

లింబాద్రికి అరికాలి మంట నెత్తికెక్కింది. తన నిజామాబాద్ ఉర్దూ అందుకున్నాడు. అందులో సగం తెలుగే.

"ఎవలకు మంచిది? నీకా? ఏడు నెలలు! శుక్రారం శుక్రారం అందరు షరఫియా హోటళ్ల బిర్యాని తింటుంటే, నేను దీని కింద పండుకొని ఇనుప రజను తిన్న. నీ కన్నబిడ్డయితే గిట్లనే తుక్కు చెయ్యమంటవా?"

ముసలాయన బండి బానెట్ మీద చెయ్యి ఆనించాడు.

"ఇది మనిషి ప్రాణం తీసిన బండి," అన్నాడు.

"ఎరుకే. తుక్కుబజారోడు చెప్పిండు."

"నడిపినవాడు పొగరుబోతు. ఒళ్ళు తెలియని వేగంతో పోయాడు. పోలీసులూ, ఊరూ అందరూ అదే అన్నారు."

"అందరు ఇప్పి చూసిండ్రా? నేను ఇప్పి చూసిన!"

లింబాద్రి లేచి, పనిముట్ల డబ్బాలోంచి విరిగిన ఇనుపముక్క ఒకటి తీసి ముసలాయన ముఖం ముందు పెట్టాడు.

"స్టీరింగ్ రాడ్డు. ఇరిగిన కాడ మంచిగ చూడు. ఇటు సగం తెల్లగున్నది, అటు సగం తుప్పు. తుప్పున్న కాడ ఎప్పుడో పగిలింది. ఆ దినం మిగిలిన సగం తెగింది. ఆ పిలగాడు ఎంత తిప్పినా బండి తిరగలే. వాని తప్పు ఇసుమంత లేదు. సచ్చినోడు నోరు తెరిచి చెప్పుకోలేడని వాని మీద నింద ఏస్తరా?"

ముసలాయన ఆ ముక్కను చేతిలోకి తీసుకున్నాడు. విరిగిన చోట బొటనవేలితో తడిమాడు. మళ్ళీ తడిమాడు.

"నిజమేనా?"

"ఇరవై ఏండ్ల సంది గిదే పని నాది. ఇనుము అబద్ధమాడదు."

"దీన్ని నేను ఉంచుకోనా?"

"తీస్కపో. గని ఈడికెళ్ళి పో. నన్ను లేపాలని మాత్రం చూడకు."

ముసలాయన తలూపి ఆఫీసులోకి నడిచాడు. "పొయ్యి పోలీసులను తోల్కస్తడు సూడు," అని గొణిగాడు హన్మాండ్లు.

నమాజు అయింది. అధికారి బయటికొచ్చాడు. లింబాద్రి పిడికిళ్ళు బిగించి సిద్ధంగా ఉన్నాడు.

అధికారి అతని చేతిలో ఒక కాగితం పెట్టాడు.

ఇస్తిమారా!

"తుక్కుబజారు రసీదు పట్టుకుని పాత యజమానికి ఫోన్ చేశాం," అన్నాడు అధికారి. "నుజ్జు చేయండి, నా కళ్ళారా చూడాలి అంటూ వచ్చాడు. తీరా వచ్చాక, బండి ఒకప్పుడు నాదే, ఇతను దొంగ కాడు, రోడ్డెక్కనివ్వండి అని సంతకం పెట్టాడు."

"యాడున్నడు సార్? కాళ్ళు మొక్కుత!"

"నువ్వు పొమ్మని తరిమావే, ఆయనే. టాక్సీలో వెళ్ళిపోయాడు."

లింబాద్రి గేటు దాకా పరుగెత్తాడు. రోడ్డు మీద ఎండ తప్ప ఏమీ లేదు.

"ఇక దొరకడులే," అన్నాడు వెనకే వచ్చిన అధికారి. "ఒళ్ళు తెలియకుండా నడిపి పరువు తీసి చచ్చాడని, మూడేళ్ళుగా ఒక్కగానొక్క కొడుకు సమాధి వైపే చూడని ఆ తండ్రి, ఇప్పుడు టాక్సీ ఎక్కింది అక్కడికే."