కాగితంలో లేని మాటలు

"ప్రాంప్టింగ్ చెప్పమంటే యాక్టింగ్ చేస్తావేంటయ్యా?" దర్శకుడు గయ్యిమన్నాడు.

కెమెరా పక్కన ముక్కాలిపీట మీద కూర్చున్న ముసలాయన నాలుక్కరుచుకున్నాడు.

"అలవాటు బాబూ. ఈసారి చప్పగా చదువుతాను."

హీరోయిన్‌కి భాష రాదు. ఎవరైనా మాట అందిస్తే చిలకలా అప్పజెప్పాలి. రోజూ వచ్చే ప్రాంప్టర్‌కి జ్వరమొస్తే మేనేజరు ఎక్కణ్ణుంచో ఈయన్ని పట్టుకొచ్చాడు.

దర్శకుడికి ప్రాణం మీదికొచ్చింది. వరసగా రెండు సినిమాలు బోల్తా కొట్టాయి. ఐదింటికి హీరోయిన్ వెళ్ళిపోతుంది, మళ్ళీ రాదు. ఈ ఆఖరి సీను ఇవాళ పూర్తికాకపోతే పెట్టే బేడా సర్దుకోమని నిర్మాత ముఖమ్మీదే చెప్పేశాడు.

అసలు చిక్కేమిటంటే, ఆ సీనుకి ముగింపే లేదు. ఆర్నెల్లుగా దర్శకుడు రాస్తున్నాడు, కొట్టేస్తున్నాడు. చివరికి ఉన్నంతవరకే తీసేద్దామనుకున్నాడు.

"మిగతాదంతా అంత బాగా రాశారు కదండీ, ఇక్కడేమైంది?" అన్నాడు అసిస్టెంటు.

"నోర్ముయ్."

మేకప్ మాన్ దగ్గరికొచ్చి గొంతు తగ్గించాడు.

"సార్, ఈ పెద్దాయనకి మా నాన్న మేకప్ వేసేవాడు. మొదట నవ్వించే వేషాలు, తర్వాత విలను, ఆ తర్వాత డైరెక్టరు. నాలుగో సినిమా సరిగ్గా ఆఖరి రోజు ఆగిపోయి..."

"ఆయన చరిత్ర తర్వాత విందాం. ముందు ఆవిడ చెమట తుడువు."

ముసలాయన చేతిలోని కాగితాలు చివరిదాకా తిప్పాడు. మళ్ళీ మొదటికొచ్చాడు.

"ఎవరు రాశారు బాబూ?"

దర్శకుడు క్షణం తడబడ్డాడు. "నేనే. ఏం?"

"బాగా రాశారు."

కెమెరా తిరిగింది. ముసలాయన ఒక్కో మాటా అందించాడు. గుమ్మంలో నిలబడి హీరోయిన్ అప్పజెప్పింది. కాగితం అయిపోయింది.

ముసలాయన ఆగలేదు.

"తాళంచెవి మీరే ఉంచుకోండి. మళ్ళీ తిరిగొస్తానేమోనని నాకే భయంగా ఉంది."

పేజీ ఎక్కడ అయిపోయిందో హీరోయిన్‌కేం తెలుసు? అదీ చెప్పేసింది. అర్థం తెలియకపోయినా ఆయన గొంతులోని వణుకు అందుకుంది.

"కట్! కాగితంలో లేని మాటలు చెప్పడానికి నువ్వెవరివయ్యా? లే, బయటికి నడు!"

ముసలాయన కాగితాలను వరస తప్పకుండా సర్ది పీట మీద పెట్టాడు.

"నోరు జారింది బాబూ, ఏమనుకోకండి."

ఇంకో టేకు తీయడానికి టైము లేదు. ఐదయింది.

పదిహేను రోజుల తర్వాత ఎడిటింగ్ గదిలో ఆ సీను చూసి నిర్మాత కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు.

"గట్టెక్కావయ్యా! ఆ తాళంచెవి మాట ఎలా తట్టింది నీకు?"

దర్శకుడు సిగ్గుతో చచ్చిపోయాడు. వెంటనే మేనేజర్ని పరుగెత్తించాడు.

"ఎక్కడున్నా వెతికి పట్టుకురా. కాళ్ళమీద పడైనా సరే!"

మేనేజరు ఒక్కడే తిరిగొచ్చాడు, చేతిలో కవరుతో.

"పోయాడు సార్. వారమైందట. మీ దగ్గర్నుంచి ఎవరైనా వస్తే ఇది ఇవ్వమని ఇంటివాళ్ళకి చెప్పాడట."

దర్శకుడు కవరు చింపాడు. పసుపు పచ్చబడిన కాగితాలు, రెండే రెండు. ఒకటి స్క్రిప్టు మొదటి పేజీ. కథ, మాటలు, దర్శకత్వం అని రాసి, కింద ముసలాయన పేరుంది. రెండోది చివరి పేజీ. అది తాళంచెవి మాట దగ్గర ముగిసింది.

ఆ రెంటి మధ్యా ఉండాల్సిన డెబ్భై పేజీలూ, పాత కాగితాల కొట్టులో తూకానికి కొన్న నాటి నుంచి, దర్శకుడి బీరువాలోనే ఉన్నాయి.