హీరోయిన్ వేషం

“ఆ పిల్లకి నడవడం కూడా రాదండీ,” అన్నారు కిరినామి గారు, మొహానికి తెల్ల పొడి అద్దుకుంటూ.

“అందుకేగా మీ దగ్గరికి పంపుతున్నాను,” అన్నాడు డైరెక్టర్ హోరిగుచి. “మీరు నేర్పితే పది రోజుల్లో వచ్చేస్తుంది.”

కిరినామి గారికి ఒళ్లు మండిపోయింది. టోక్యోలో, సుమిదా నది ఒడ్డున ఆ అద్దాల స్టూడియో కట్టిన నాటి నుంచీ, పదకొండేళ్లుగా, అక్కడ తీసిన ప్రతి మూకీలోనూ హీరోయిన్ అంటే కిరినామి గారే. వితంతువుగా తల వంచినా, గెయిషాగా ఓరచూపు చూసినా అసాకుసా సినిమా హాళ్లలో జనం ఊగిపోయేవారు. ఇప్పుడు నిన్నగాక మొన్న వచ్చిన మిత్సుయోకి ఆ వేషం. పద్దెనిమిదేళ్ల పిల్ల. మెడ మీద ఒక్క ముడత లేదు. ఆ మెడ కంటబడినప్పుడల్లా కిరినామి గారికి కడుపు రగిలిపోయేది.

అయినా నేర్పారు. మోకాళ్ల మధ్య కాగితం పెట్టి, అది జారకుండా నడవమన్నారు. పది అడుగులకి మూడుసార్లు జారేది.

“ఇదేం నడకే? చేపల బుట్ట మోస్తున్నావా?”

“మా అమ్మ కూడా ఇలాగే నడుస్తుంది, గురువుగారూ.”

“అయితే మీ అమ్మకీ రాదు.”

ఏడుపు సీను ముందురోజు కిరినామి గారికి ఒక ఉపాయం తట్టింది. హీరోయిన్ ఏడ్చేటప్పుడు కిమోనో చేతిని మొహానికి అడ్డం పెట్టుకోవాలి. అందమంతా అందులోనే ఉంది. ఆ సంగతి మిత్సుయోకి చెప్పలేదు.

“మొహం దాచుకోకు. ముక్కు కారినా తుడుచుకోకు. కెమెరాకేసి తిరిగి బావురుమను,” అన్నారు. అందరూ నవ్విపోతారు, పీడ విరగడవుతుంది అనుకున్నారు.

మర్నాడు మిత్సుయో అచ్చం అలాగే ఏడ్చింది. ఎవరూ నవ్వలేదు. కెమెరా తిప్పేవాడు భుజానికి కళ్లు తుడుచుకున్నాడు.

మిత్సుయో వచ్చి కిరినామి గారి ముందు నేలకి నుదురు ఆనించింది. “అంతా మీ చలవే, గురువుగారూ.”

కిరినామి గారు పళ్లు బిగబట్టి నవ్వారు. ఇక హీరోయిన్ వేషం తనది కాదని తెలిసిపోయింది. అభిమానం చంపుకుని హోరిగుచి పక్కకి చేరారు.

“పోనీ, ఆ పిల్లకి తల్లి వేషమైనా నాకివ్వండి.”

హోరిగుచి ఇబ్బందిగా తల గోక్కున్నాడు.

“ఇకమీదట తల్లి వేషానికి కూడా ఆడవాళ్లనే పెట్టమన్నారు కంపెనీవాళ్లు గానీ, మీరు ఇవాళ్టి నుంచి మీసం పెంచండి, తండ్రి వేషం మీకే ఇస్తాను.”