ఊ కొట్టిన ఇల్లు

స్టీలు ప్లాంటు పనికి పోతానన్న నా కొడుకు ఎల్లాజీని, పోర్టు మీద తుపాను జెండా ఎగురుతుండగానే బోటెక్కించి సముద్రంలోకి తోలినవాడు పోలయ్య. బోటు వాడిదే. శవం కూడా దొరకలేదు. అందుకే పోలయ్య ఇంటికి కథ చెప్పడానికి వెళ్లాను.

కథపిట్ట కథకు చివరిదాకా ఎవరు ఊ కొడితే వాళ్ల ఇంట్లో, కథ చెప్పినవాళ్ల చచ్చిన బిడ్డ మళ్లీ పుడుతుందని యారాడలో మా పెద్దల మాట. చంపినవాళ్ల ఇంట పుడితే ఆ బిడ్డే ఆ ఇంటిని బుగ్గి చేస్తుంది. కన్నతల్లిగా నాకు కావలసింది అదే. వాడు ఊ కొట్టకపోతే ఎలాగా అని దారంతా ఒకటే గుబులు.

కొట్టాడు. పిట్ట నిప్పులో పడిందంటే ఊ అన్నాడు. బూడిదలోంచి లేచి ఇల్లు వెతుక్కుంటూ ఎగిరిందంటే మళ్లీ ఊ అన్నాడు.

నాకే భయం వేసింది. "ఏటి పోలయ్యా, ఈ కత నీకెరికేనా?"

"ఎరికే అప్పా. మాయమ్మ సెప్పీది." కోడలిని పిలిచి పక్కన కూర్చోబెట్టుకున్నాడు. "దీనికి నెల తప్పింది. ఇల్లు బుగ్గయితే అవనీ. నీ కొడుకుని నా సేతిలో ఎట్టు, గుండెల మీద పెంచుకుంతాను. ఆపకు, సెప్పు."

నా ఎల్లాజీ వీడిని తాతా అని పిలుస్తాడా? వీడి భుజమెక్కి ఊరేగుతాడా?

చివరి మాట మింగేసి లేచి వచ్చేశాను. ఏడవనీ వాడు, బతికినంత కాలం.

కథ మధ్యలో ఆగితే ఆ పిట్ట ఇక ఏ ఇంటా వాలదు. ఈ ఏడు వాన తెరిపివ్వడం లేదు. ఎక్కడ ఎగురుతున్నాడో, రెక్కలెంత తడిశాయో నా తండ్రికి.