ఈ ఇల్లు అమ్మబడును

ఆదివారం చర్చి నుంచి జనం తిరిగొచ్చేసరికి కోచ్ హార్లన్ ఇంటి ముందు పచ్చికలో మళ్ళీ బోర్డు మొలిచింది. "ఈ ఇల్లు అమ్మబడును."

ఆ ఊళ్ళో దాని అర్థం ఎవర్నడిగినా చెబుతారు. శనివారం కాలేజీ ఫుట్‌బాల్ జట్టు ఓడిందంటే, ఒళ్ళు మండిన అభిమాని ఎవడో కోచ్ ఇంటి ముందు ఆ బోర్డు పాతిపోతాడు. ఇక మూటాముల్లె సర్దుకో అని.

ఎదురింటి ఓడెల్ కారు దిగుతూనే పరిగెత్తుకొచ్చాడు. బోర్డు పీకి, మోకాలికేసి విరిచాడు.

"ఏ దరిద్రుడి పనో ఇది! వెర్నా గారూ, మీరు ఇంట్లోనే ఉన్నారుగా, ఎవర్నీ చూళ్ళేదా?"

"తలనొప్పిగా ఉంటే పడుకున్నా ఓడెల్," అంది కోచ్ భార్య. ఆ విరిగిన ముక్కలు చూసేసరికి ఆమెకి ఏడుపాగలేదు.

"ఊరుకోండమ్మా. ముప్ఫయ్యేళ్ళు మా పరువు నిలబెట్టిన మనిషి. ప్రాణం పోయినా ఆయన్ని వదులుకోం!"

హార్లన్ గుండెకి అప్పటికే రెండు ఆపరేషన్లు. ఈ ఉద్యోగం మానకపోతే మూడోదానికి నా దాకా రాడమ్మా అని డాక్టరు వెర్నాకి మొహం మీదే చెప్పాడు.

సాయంత్రానికి వరండా నిండా ఓదార్పులు, ఇరుగుపొరుగు తెచ్చిన పెకన్ పై మిఠాయిలు. కాలేజీ ప్రెసిడెంటు స్వయంగా వచ్చాడు. ఇంకో ఐదేళ్ళకి ఒప్పందం తెచ్చాడు. స్టేడియం గేటు దగ్గర కంచు విగ్రహం కూడా పెడతామన్నాడు.

"ఆ బోర్డులు పాతేవాడికి ఇదే మా జవాబు కోచ్!"

హార్లన్ పెన్ను తీశాడు.

"కాస్త ఆలోచించుకోకూడదూ?" అంది వెర్నా.

"ఆలోచించేదేముంది? మీవాడి చదువయ్యేదాకా నేనుంటానని జట్టులో కుర్రాళ్ళ అమ్మలకి వాళ్ళ వంటిళ్ళలో కూర్చుని మాటిచ్చాను. మెడపట్టి గెంటితే తప్ప కదల్ను."

ఏటా కొత్త కుర్రాళ్ళు, కొత్త అమ్మలు. ఆ మాట తీరేదెప్పుడు? చివరికి ఆమె మొహం చూసి, సంతకం వారం ఆగి పెడతానన్నాడు.

అందరూ వెళ్ళాక నీరసంగా కూలబడ్డాడు. "నా మీద ఇంత కసి ఎవరికుంది వెర్నా?"

"కసే అని ఎందుకనుకుంటావు?" అని మాత్రలందించింది.

శనివారం జట్టు గెలిచింది. కోచ్‌ని భుజాల మీద ఊరేగించారు. ఆయన రొమ్ము నిమురుకుంటూనే నవ్వాడు.

ఆదివారం టై కట్టుకుంటూ, "గెలిచాంగా, ఇవాళ బోర్డు రాదు. నువ్వూ రావే చర్చికి," అన్నాడు.

"తలనొప్పిగా ఉంది. నువ్వెళ్ళు."

అతని కారు మలుపు తిరిగేదాకా వెర్నా కిటికీ దగ్గరే నిలబడింది. వీధంతా ఖాళీ అయింది.

అప్పుడు గ్యారేజీలోకి వెళ్ళి, పాత దుప్పటి తొలగించి, మిగిలిన ఆఖరి బోర్డూ సుత్తీ తీసుకుని పచ్చికలోకి నడిచింది.