సగం కోర్టు

"ఉద్యోగం ఒక్కటే. మీరిద్దరూ ఒకరి మీద ఒకరు ఆడండి. గెలిచినామె మా టీములోకి వస్తుంది," అన్నాడు జయరావు కుర్చీలోంచి లేవకుండానే.

ఆయన మద్రాసులో ఓ పెద్ద కంపెనీకి ఆటల ఆఫీసరు. నెలనెలా జీతమిచ్చి షటిల్ బ్యాడ్మింటన్ ఆడించే కంపెనీ అది. వాళ్ల డబుల్స్ జోడీలో ఒకమ్మాయి మోకాలు దెబ్బతిని ఆట మానేసింది. మిగిలినామెకు జోడీ వెతుక్కుంటూ తిరుపతి దాకా వచ్చాడు. వచ్చినవాడు జిల్లాలో ఓటమి ఎరగని జోడీని ఆటల హాలుకు పిలిపించి, విడిపొమ్మంటున్నాడు.

కోమలవల్లికి ఒళ్లు మండింది. డబుల్స్‌కు మనిషి కావాలంటూ సింగిల్స్ ఆడించడం ఎక్కడి న్యాయమని అడిగింది. తీసుకుంటే ఇద్దర్నీ తీసుకోవాలని, లేకుంటే ఇద్దరూ రారని తెగేసి చెప్పింది. తన మాటతోపాటు పక్కనున్న కుప్పమ్మ మాట కూడా తనే చెప్పేసింది. స్నేహితురాలిని ఒక్క మాట అడగాలని ఆమెకు తోచనే లేదు.

జయరావు నవ్వాడు. "నీ సంగతి సరే. ఆమెకు నోరు లేదా?"

కుప్పమ్మ వంగి బూట్ల లేసు బిగించుకుంటోంది. పొద్దున్నే నగరిలో బస్సెక్కి వచ్చిన పిల్ల. ఈ ఉద్యోగం రాకపోతే రాకెట్టు అటక మీద పడేసి మగ్గం ముందు కూర్చోవాలని వాళ్ల నాయన చెప్పే పంపించాడు. కోమల ఇంట్లోనూ కథ వేరేగా లేదు. ఆట అన్నం పెడుతుందా అని రోజూ అడుగుతున్నారు.

"నేను ఆడతా సార్," అంది కుప్పమ్మ.

కోమల గిరుక్కున ఆమె వైపు తిరిగింది. "నిజంగానే ఆడతావా మే?"

"ఈడ నిలబడి అరిస్తే ఏమొస్తాది? రా," అని కుప్పమ్మ వెనక్కి తిరిగి చూడకుండా నెట్‌కు అవతలి పక్కకు వెళ్లిపోయింది.

వాళ్లిద్దరూ ఎదురెదురుగా నిలబడటం అదే మొదలు. కుప్పమ్మది ఎడమచేతి వాటం. అందుకని జోడీగా ఆడేటప్పుడు ఎడమవైపంతా ఆమెది, కుడివైపంతా కోమలది. అన్నదమ్ములు పొలం పంచుకున్నట్టు పంచుకున్నారు. షటిల్ ఎడమకు వస్తే కోమల "కుప్పా!" అని ఒక్క కేక వేసి పక్కకు తప్పుకునేది. మిగతాది కుప్పమ్మ చూసుకునేది.

ఆ అలవాటే ఇప్పుడు కొంప ముంచింది. మొదటి షటిల్ ఎడమ మూలకు రాగానే కోమల "కుప్పా!" అని కేకేసి దర్జాగా తప్పుకుంది. షటిల్ నేల మీద పడింది. చూసేవాళ్లు పగలబడి నవ్వారు.

కుప్పమ్మ కూడా మొదట్లో కుడివైపు వచ్చినవి వదిలేసింది గానీ, తొందరగానే తేరుకుంది. ఆ తర్వాత ఆమెకు కోమల ఎడమ మూల తప్ప కోర్టులో మరో చోటు కనబడలేదు. కొట్టిందల్లా అక్కడికే. కింద పడిన షటిల్ తీయడానికి ఇద్దరూ నెట్ దగ్గరికి వచ్చినప్పుడు కోమల ఉండబట్టలేక అడిగేసింది.

"ఆ పక్క నాకు రాదని తెలిసే గదా, అక్కడే వేస్తా ఉండావు?"

"తెలీకుండా వేస్తానా?" అంది కుప్పమ్మ, మొహం చూడకుండానే.

కోమలకు ఏడుపు తన్నుకొచ్చింది. ఈ మనిషి కోసమా తను ఆఫీసరుతో గొడవ పెట్టుకుంది అనుకుంది. పళ్లు బిగించి ఆడింది. ఆడి ఆరు పాయింట్లు లాక్కుంది. కానీ మళ్లీ ఎడమ మూలకు ఒకటి వచ్చింది, మళ్లీ నోరు జారింది, మళ్లీ షటిల్ నేల మీద పడింది. కుప్పమ్మకు పది. ఇంకొక్క పాయింటు వస్తే ఆట అయిపోతుంది. ఆ రోజుల్లో సర్వీసు చేసేవాళ్లకే పాయింటు. సర్వీసు కుప్పమ్మ చేతిలోనే ఉంది.

"ఎవర్ని పిలుస్తున్నావమ్మా? నీ పక్కన ఎవరూ లేరు. ఇక రారు కూడా," అన్నాడు జయరావు.

హాలంతా మళ్లీ నవ్వింది. కుప్పమ్మ నవ్వలేదు. ఆయన వంక ఒక్క క్షణం చూసి సర్వీసు చేసింది.

కోమల మొండిగా తిప్పికొట్టింది. కొట్టీ కొట్టీ, షటిల్‌ను నెట్‌కు అవతల మెల్లగా జారవిడిచింది. కుప్పమ్మ పరుగున వచ్చి దాన్ని నెట్ దగ్గరే అందుకుని, పైకప్పు రేకులకు తగులుతుందేమో అన్నంత ఎత్తుకు లేపింది. అది కోమల తల మీదుగా వెనక ఎడమ మూలకు దిగుతోంది. అందదని కోమలకు తెలుసు. ఉద్యోగం పోయిందనీ తెలుసు. అయినా నోరు ఊరుకోలేదు.

"కుప్పా!"

"వచ్చినా మే!"

కుప్పమ్మ వంగి నెట్ కింద దూరి ఇవతలికి వచ్చింది. కోమల పక్కనుంచి వెనక్కి ఉరికి, ఎడమచేత్తో షటిల్‌ను బాదింది. అది నెట్ దాటి, ఎవరూ లేని అవతలి కోర్టులో పడింది.

నవ్వులు ఆగిపోయాయి. జయరావు ఎట్టకేలకు కుర్చీలోంచి లేచాడు. నెట్ దాటి రావడం తప్పని, సర్వీసు పోయిందని, వెంటనే తన పక్కకు పొమ్మని కేకలేశాడు.

"తప్పే సార్, ఒప్పుకుంటా," అంది కుప్పమ్మ. మోచేత్తో చెమట తుడుచుకుని, డబ్బాలోంచి ఇంకో షటిల్ తీసి కోమల చేతిలో పెట్టింది. తాపీగా నడిచి కోమల పక్కనే, ఎడమవైపు తన చోట నిలబడింది.

"ఇప్పుడు సర్వీసు మాది. అవతలికి ఎవరినన్నా పంపించండి."